ఇంటి తెలుగును కథగా మలచిన శ్రీపాద సుబ్రహ్మణ్యశాస్త్రి గారు

ఆధునిక తెలుగు కథకులలో అగ్రశ్రేణికి చెందిన శ్రీపాద సుబ్రహ్మణ్యశాస్త్రి గారు పుట్టినది గోదావరి తీరాన. వారి జీవితంలో అధికభాగం గడచినది రాజమహేంద్రవరంలో. నొయ్యల్, వైగై నదుల దాపున తరతరాలుగా కాపురముంటున్న తెలుగువారి పాఠశాల ప్లాటినం జూబిలీ సంచికలో వారి జీవితకథకు చోటెందుకని కొందరికి తోచవచ్చును. మన పిల్లలకు తెలుగు వచ్చేది ముందుగా బడిలో కాదు, ఇంటిలో. అందునా తల్లి నోట, అవ్వ నోట. ఆ ఇంటి తెలుగే అసలైన తెలుగని, దానిని మించిన వచనం లేదని నమ్మి, ఆ నమ్మకం మీదనే తన సాహిత్యమంతటినీ నిలబెట్టిన రచయిత శ్రీపాద వారు. ఈ కారణం చేత వారు మనకు దూరపు బంధువు కారు, దగ్గరివారే.

ముందుగా ఒక చిన్న స్పష్టీకరణ అవసరం. రాజమహేంద్రవరంలో శ్రీపాద ఇంటిపేరు గల మహనీయులు ఇద్దరున్నారు. భారత, భాగవత, రామాయణాలను ఒంటిచేతితో తెనిగించిన మహాకవి శ్రీపాద కృష్ణమూర్తిశాస్త్రి గారు (1866–1960) ఒకరు. మనం చెప్పుకుంటున్న కథకులు సుబ్రహ్మణ్యశాస్త్రి గారు వేరొకరు. పరీక్ష పత్రాలలో సైతం ఈ ఇద్దరినీ కలిపివేసే విద్యార్థులున్నారు కనుక ఈ మాట చెప్పవలసి వచ్చినది.

సుబ్రహ్మణ్యశాస్త్రి గారు 1891 ఏప్రిల్ 23వ తేదీన తూర్పు గోదావరి జిల్లా పొలమూరు గ్రామంలో జన్మించారు. తండ్రి లక్ష్మీపతి సోమయాజులు గారు, తల్లి మహాలక్ష్మీ సోదెమ్మ గారు. వేదాధ్యయనము, శ్రౌతము, స్మార్తము, జ్యోతిషము కులవిద్యలుగా సాగుతున్న కుటుంబమది. అటువంటి ఇంట బాలునికి నిర్ణయమైన చదువు సంస్కృతమే. ఇంగ్లీషు బడి ముఖం చూడకుండానే వారు పెరిగి పెద్దవారైనారు. సంస్కృత కావ్యాలు గురువుల వద్ద క్రమంగా చదువుకున్నారు.

ఇక్కడ మన పాఠకులకు ఆశ్చర్యం కలిగించే విషయమొకటి ఉన్నది. తెలుగు నేల నడిబొడ్డున, తెలుగు తప్ప మరొక మాట వినబడని పల్లెలో, ఆ బాలునికి తెలుగు చదువుకొనే స్వేచ్ఛ లేదు! వైదికుని బిడ్డ తెలుగు పద్యాల వెంట పడితే వేదం చెడుతుందని, కులవృత్తి చెడుతుందని ఇంటివారి భయం. సంస్కృతం గౌరవాన్ని, నాలుగు సంభావనలను తెచ్చే విద్య. తెలుగు ఎవరికైనా వచ్చేదే, దానిని ప్రత్యేకంగా నేర్చుకునేదేమిటన్న చులకన. పట్టణాలకు పోయినవారికి ఇంగ్లీషు మీద మోజు, పల్లెలలో పండితులకు సంస్కృతం మీద గౌరవం. నడుమ తెలుగుకు నిలువ నీడ కరవు. మన ప్రాంతంలో తెలుగుకు ఆదరణ తగ్గినదని మనం వాపోయే వేళ, తెలుగు గడ్డ మీదనే దానికి అటువంటి స్థితి ఉండేదన్న సంగతి గుర్తుంచుకోదగినది.

ఆ రోజులలో తిరుపతి వేంకటకవుల అవధానాలు ఆంధ్రదేశాన్ని ఉర్రూతలూపుతుండేవి. ఆ గాలి సోకని తెలుగు యువకుడు అరుదు. శాస్త్రి గారు కూడా ఆ ఆకర్షణకు లోనై పద్యరచనకు పూనుకున్నారు, అవధానాలు చేశారు. ఆ దారిలోనే సాగి ఉంటే వారు నాటి అనేక పద్యకవులలో ఒకరై ఉండేవారేమో. కాని వారి మనస్సు క్రమంగా వచనం మీదికి మళ్ళినది. మొదట గ్రాంథికంలో చారిత్రక నవలలు వ్రాశారు. పిమ్మట వాడుక భాషకు మారి, కథను తన ప్రధాన ప్రక్రియగా స్వీకరించారు.

ఈ మార్పునకు నేపథ్యంగా రెండు మాటలు చెప్పాలి. గురజాడ అప్పారావు గారి ‘దిద్దుబాటు’ 1910లో వెలువడినది. అంతకు ముందే 1902లో భండారు అచ్చమాంబ గారు ‘ధనత్రయోదశి’ వ్రాశారు. గిడుగు రామమూర్తి పంతులు గారు (1863–1940) వాడుక భాష కోసం పెద్ద ఉద్యమమే నడిపారు. అయితే నాటి కథకులలో పెక్కుమందికి ఇంగ్లీషు కథ మార్గదర్శకం. శాస్త్రి గారికి ఆ ఆధారం లేదు. కథ ఎలా మొదలుపెట్టాలో, ఎక్కడ ఆపాలో వారికి ఏ మొపాసా, ఏ ఓ హెన్రీ నేర్పలేదు. వారికి నేర్పినది ఇంటి వసారాలో, నూతి గట్టు మీద, పెళ్ళి పందిళ్ళలో నడిచే సంభాషణ. తెలుగు నుడికారం చెక్కుచెదరకుండా నిలిచినది స్త్రీల మాటలలోనేనని వారి దృఢ విశ్వాసం. పురుషుడు బడికి పోయి ఒక భాషను, కచేరీకి పోయి మరొక భాషను తెచ్చుకుంటాడు. ఇంటి పట్టున ఉన్న స్త్రీ మాత్రం తాను విన్న తెలుగును విన్నట్లే కాపాడుతూ వస్తుంది. కనుకనే శాస్త్రి గారి కథలలో స్త్రీలు మాట్లాడడం మొదలుపెడితే చదువరి వారి ముందు కూర్చున్నట్లే ఉంటుంది.

ఇటువంటి పని ప్రపంచంలో మరికొన్ని చోట్ల కూడా జరిగినది. అమెరికాలో మార్క్ ట్వేన్ (1835–1910) మిసిసిపీ నదీతీరపు పిల్లవాని మోటు మాటలోనే ‘హకల్‌బెరీ ఫిన్’ నవల నంతటినీ నడిపి, ఇంగ్లాండు దేశపు పుస్తక భాష నుండి అమెరికన్ వచనాన్ని విడదీశాడు. పెద్ద పాఠశాల చదువులు ఇద్దరికీ లేవు. ఇద్దరూ తమ నది ఒడ్డున విన్న మాటను నమ్ముకున్నవారే. పోలిక ఇంతవరకే, ట్వేన్ హాస్యం వేరు, శాస్త్రి గారి వ్యంగ్యం వేరు.

శాస్త్రి గారి కథలు 75 అని లెక్క. మన పాఠశాలకు నిండిన సంవత్సరాల సంఖ్యతో ఇది సరిపోవడం కేవలం కాకతాళీయమే అయినా ముచ్చటగా ఉన్నది. వాటన్నిటినీ ఇక్కడ పరిచయం చేయడం సాధ్యం కాదు. మూడు నాలుగు కథలు మాత్రం చెప్పుకుందాం.

‘వడ్లగింజలు’ పెద్దాపురం సంస్థానపు కథ. తంగిరాల శంకరప్ప అనే పేద బ్రాహ్మణ యువకుడు చదరంగంలో అసమానుడు. ప్రభువుతో ఆడవలెనని అతని కోరిక. కాని ప్రభువు దర్శనమే గగనం. నడుమనున్న అధికారులు అతనిని పురుగును చూసినట్లు చూస్తారు. ఎట్టకేలకు ఆట జరుగుతుంది. గెలిచిన శంకరప్ప కోరిన బహుమానం చదరంగపు బల్ల మీద మొదటి గడికి ఒక వడ్లగింజ, రెండవ గడికి రెండు, మూడవ గడికి నాలుగు, అలా ప్రతి గడికీ రెట్టింపు చేస్తూ 64 గడులకూ వడ్లగింజలు. విన్నవారు మొదట నవ్వుతారు. లెక్క వేసి చూస్తే నవ్వు ఆగిపోతుంది. ఆ మొత్తం 1,84,46,74,40,73,70,95,51,615. ఇరవై అంకెల సంఖ్య! ఏ సంస్థానపు గాదెలూ దీనికి చాలవు. ఈ గింజల లెక్క లోకంలో చాల పాతది, శాస్త్రి గారు కల్పించినది కాదు. కాని ఆ లెక్కకు ఆకలిని, అవమానాన్ని, విద్యాగర్వాన్ని జోడించి తెలుగువాని కథగా చేసినది వారే. మన లెక్కల ఉపాధ్యాయులు ఈ కథను తరగతిలో చదివి వినిపించి, గుణశ్రేఢి పాఠాన్ని ఆ వెంటనే చెప్పినట్లయితే పిల్లలు మరచిపోరు.

‘గులాబీ అత్తరు’ దీనికి తోబుట్టువు వంటి కథ. షుకురల్లీ ఖాన్ అనే వృద్ధ కళాకారుడు తన ప్రజ్ఞనంతటినీ ధారపోసి గులాబీ అత్తరు తయారుచేసి, రసికుడైన పెద్దాపురం ప్రభువు శ్రీ వత్సవాయ చతుర్భుజ తిమ్మజగపతి మహారాజుకు సమర్పించుకోవాలని వస్తాడు. ఇక్కడా ద్వారం దగ్గరి మనుషులే అడ్డు. కళ ఉన్నవాడు గుమ్మం బయట, దానిని ఆస్వాదించగలవాడు గుమ్మం లోపల. నడుమ లంచానికి, అధికారానికి అలవాటుపడిన చేతులు. చివరకు ఆ అత్తరు బుడ్డి కోట వద్దనే పగిలిపోతుంది. పరిమళం మాత్రం ఎవరి అనుమతీ కోరకుండా వ్యాపిస్తుంది. ఈ కథానాయకుడు ముస్లిము కావడం, అతనిని రచయిత ఎంతటి గౌరవంతో తీర్చాడో గమనించడం నేటి పాఠకులకు అవసరం. ఈ రెండు కథలను కలిపి చదివినప్పుడు శాస్త్రి గారి మనస్సులోని బాధ ఏమిటో తెలుస్తుంది. ఇంగ్లీషు డిగ్రీ లేని తెలుగు రచయితకు తన కాలపు పెద్దల వాకిళ్ళు ఎంత సులభంగా తెరుచుకుని ఉంటాయో ఊహించుకోవచ్చును.

‘అరికాళ్ళ కింద మంటలు’ కథ వేరొక స్వభావం గలది. బాలవితంతువైన ఒక యువతి పుట్టింటనే దాసి కంటే హీనంగా బ్రతుకుతుంది. తెల్లవారినది మొదలు ఇంటిలో ప్రతి ఒక్కరూ ఆమెకు పని చెప్పేవారే. ఒకరి పని ముగియకుండానే మరొకరి కేక. కథలో వర్ణన చాల తక్కువ. ఆ కేకలే కథ. ఇంటివారి మాటలను వరుసగా వినిపించడం ద్వారానే ఆమె నరకాన్ని మన కళ్ళ ముందు నిలుపుతారు. చివరకు ఆమె ఆ ఇల్లు విడిచి రాజమహేంద్రవరంలో వీరేశలింగం పంతులు గారి తోటకు దారి పడుతుంది. 1881 డిసెంబరు 11న పంతులు గారు మొదటి వితంతు వివాహం జరిపించినది ఆ నగరంలోనే. సనాతన వైదిక కుటుంబంలో పుట్టి, శిఖా యజ్ఞోపవీతాలతో పెరిగిన శాస్త్రి గారు ఆ తోటను ఆశ్రయంగా చూపిన కథ వ్రాయడం సామాన్య విషయం కాదు. ఉపన్యాసంగా ఒక్క వాక్యం లేని ఈ కథ ఎన్నో సంస్కరణోపన్యాసాల కంటే గాఢంగా మనస్సుకు తగులుతుంది.

‘మార్గదర్శి’ని గూర్చి కోయంబత్తూరు వాసులకు ప్రత్యేకంగా చెప్పాలి. చదువుకున్నవాడు గుమాస్తా ఉద్యోగం కోసం కాళ్ళరిగేలా తిరగవలసినదేనా, స్వంతంగా వ్యాపారం చేసి నలుగురికి అన్నం పెట్టలేడా అన్నది ఆ కథలోని ప్రశ్న. శాస్త్రి గారికి రెండేళ్ళు చిన్నవారైన జి.డి. నాయుడు గారు (1893–1974) ఈ నగరంలోనే బడి చదువును లెక్కచేయక, 1920లో పొళ్ళాచ్చి, పళని నడుమ ఒక బస్సుతో ఆరంభించి, యంత్రపరిశ్రమలో ఎంతటివారైనారో మన పెద్దలకు తెలుసు. ఇద్దరికీ పరిచయముందని కాదు. గోదావరి ఒడ్డున వైదిక కుటుంబీకుడొకడు కాగితం మీద వ్రాసిన తలపును, నొయ్యల్ ఒడ్డున రైతుబిడ్డ ఒకడు ఆచరణలో చూపించాడు. పూర్వ విద్యార్థులలో మిల్లులు, పట్టరలు నడుపుతున్నవారు ఈ కథ చదివితే తమ మాటలే విన్నట్లుంటుంది.

శాస్త్రి గారు ‘ప్రబుద్ధాంధ్ర’ అనే పత్రికను నడిపారు. వాల్మీకి రామాయణాన్ని తెలుగు వచనంలోకి తెచ్చారు. నాటకాలు వ్రాశారు, వాటిలో ‘రాజరాజు’ పేర్కొనదగినది. ఆయుర్వేదం మీద కూడా వారికి మంచి అధికారం ఉండేది. చారిత్రక నవలలు నేడు అంతగా చదవబడడం లేదు. నిజం చెప్పాలంటే కథలలోని జీవం వాటిలో కనబడదు.

అభిప్రాయాల విషయంలో వారు ఎవరికీ తలవంచినవారు కారు. దేశమంతా గాంధీ మహాత్ముని వెంట నడుస్తున్న రోజులలో వారు ఖద్దరు కట్టలేదు. హిందీ తెలుగును పక్కకు నెడుతుందని దానిని వ్యతిరేకించారు. వారి వాదాలన్నిటినీ మనం అంగీకరించనవసరం లేదు. అయితే సంస్కృతం, ఇంగ్లీషు, హిందీ అనే మూడు భాషల పట్లా వారి వైఖరికి ఆధారం ఒక్కటే. అవి నేర్వరానివని కాదు, వాటి ముందు తెలుగును చిన్నబుచ్చరాదన్నదే వారి పట్టుదల. సంస్కృతంలో పండితుడైయుండి ఈ మాట అన్నందునే దానికి విలువ.

ఇక మన సంగతి. పుస్తకాలలో తెలుగు వచనానికి రాజగౌరవం దొరికిన స్థలాలలో మన మధుర నాయక రాజ్యం ముఖ్యమైనది. 1706 నుండి 1732 వరకు పాలించిన విజయరంగ చొక్కనాథుడు స్వయంగా ‘శ్రీరంగ మాహాత్మ్యము’ను వచనంలో రచించాడు. అతని ఆస్థానంలోని సముఖము వేంకటకృష్ణప్ప నాయకుడు ‘జైమిని భారతము’ను వచనకావ్యంగా వెలయించాడు. తెలుగు కవులంతా పద్యం మీదనే మనస్సు పెట్టిన కాలంలో దక్షిణాదిని మన పూర్వులు వచనానికి పీట వేశారు. రెండు శతాబ్దాల తరువాత శాస్త్రి గారు వచనాన్ని కొలువుకూటం నుండి వంటింటికి, వీధి అరుగు మీదికి తెచ్చారు.

మన ఇళ్ళలో మాట్లాడే తెలుగు చిత్రమైనది. అంగడి, మిద్దె, తావు, సంగటి వంటి మాటలు మన అవ్వల నోట సహజంగా వస్తాయి. నడుమ తమిళపు మాటలు కలుస్తాయి, యాస మారుతుంది. ఆంధ్రదేశం నుండి వచ్చిన బంధువులు విని నవ్వినప్పుడు మన పిల్లలు సిగ్గుపడి తమిళంలోనికో ఇంగ్లీషులోనికో మారిపోతారు. మన భాషకు నష్టం జరిగేది ఆ క్షణంలోనే. 2006లో తమిళనాడు శాసనసభ చేసిన తమిళ అభ్యసన చట్టం ఒకటవ తరగతితో ఆరంభమై, ఏటికొక తరగతిగా పెరుగుతూ 2015–16 నాటికి పదవ తరగతిని చేరినది. అల్పసంఖ్యాక భాషల విద్యార్థులకు మాతృభాషలో పరీక్ష వ్రాసే మినహాయింపుల కోసం న్యాయస్థానాలకు పోవలసి వచ్చినది. ఆ పోరాటం అవసరమైనదే. తమిళం మనకు అన్నం పెట్టిన భాష, దానిని చక్కగా నేర్వవలసినదే; అందులోనూ సందేహం లేదు. కాని చట్టం ఎంత అనుకూలించినా, ఇంటిలో బిడ్డ తన తెలుగును చూసి సిగ్గుపడుతున్నట్లయితే పాఠ్యపుస్తకం ఒక్కటే ఏమి చేయగలదు?

ఇందుకు మన దక్షిణాదిననే ఒక నిదర్శనమున్నది. కోవిల్‌పట్టి దాపున ఇడైసేవల్ గ్రామంలో తెలుగు ఇంట పుట్టిన కి. రాజనారాయణన్ గారు (2021లో పరమపదించారు) తమిళంలో మహా రచయితగా పేరొందారు. మన పూర్వులు ఉత్తరం నుండి కరిసల్ భూములకు వలస వచ్చిన గాథను ‘గోపల్ల గ్రామం’ అనే నవలగా వ్రాశారు. దాని కొనసాగింపైన ‘గోపల్లపురత్తు మక్కళ్’కు 1991లో సాహిత్య అకాడెమీ పురస్కారం లభించినది. వారు సాధించినదీ పల్లె నోటి మాటను అచ్చులోనికి తేవడమే. శాస్త్రి గారు గోదావరి మాటకు చేసిన పనిని వారు నల్లరేగడి తమిళానికి చేశారు. మన కొంగు తెలుగుకు, మధుర తెలుగుకు ఆ పని చేయవలసినవారు నేడు మన తరగతి గదులలోనే ఉండవచ్చును.

శాస్త్రి గారి రచనలో లోపాలు లేవా అంటే ఉన్నవి. కొన్ని కథలు అవసరానికి మించి సాగుతాయి. సంభాషణ మీది ప్రీతి వల్ల అసలు సంగతికి ఆలస్యంగా వస్తారు. చిత్రించిన జీవితంలో అధికభాగం గోదావరి మండలపు బ్రాహ్మణ గృహాలది కనుక కొన్ని ఆచారాలు, కొన్ని మాటలు మన పిల్లలకు వివరించి చెప్పవలసి ఉంటుంది. అయినను ఆ వివరణ కోసం తల్లినో అవ్వనో అడగవలసి రావడం మేలే.

కలాన్ని నమ్ముకున్న జీవితం కనుక సిరిసంపదలు వారి దరికి రాలేదు. 1956లో వారికి కనకాభిషేకం జరిగినది. జీవితపు చివరి దశలో ‘అనుభవాలూ జ్ఞాపకాలూనూ’ అనే పేరుతో స్వీయచరిత్రను వ్రాశారు. అందులో తమ గొప్పలు చెప్పుకోవడం కంటే, తాము చూసిన గ్రామాలను, గురుకులాలను, అన్నం పెట్టిన ఇల్లాండ్రను, వారి మాటతీరును తలచుకోవడమే ఎక్కువ. ఇరవయ్యవ శతాబ్దపు తొలినాళ్ళలో గోదావరి సీమ ఎలా ఉండేదో తెలుసుకోగోరే చరిత్ర విద్యార్థికి సైతం అది గొప్ప ఆధారం. ఆ గ్రంథం వారి బాల్య యౌవనాల మీదనే ఎక్కువగా నిలిచినది. తక్కిన జీవితం పూర్తిగా కాగితం మీదికి రాలేదు. 1961 ఫిబ్రవరి 25వ తేదీన వారు కన్నుమూశారు.

వారి కథలు సంపుటాలుగా పలుమార్లు పునర్ముద్రణ పొందినవి. క్రొత్తగా చదవదలచినవారు ‘వడ్లగింజలు’తో ఆరంభించడం సులువు. పై తరగతుల బాలికలు ‘అరికాళ్ళ కింద మంటలు’ తప్పక చదవాలి. వీటిని మౌనంగా చదవడం కంటే ఇంటిలో పెద్దవారి చేత బిగ్గరగా చదివించుకుని వినడం మంచిది. తెలుగు అక్షరాలు రాని అవ్వలున్న ఇళ్ళలో పిల్లలే చదివి వినిపించవచ్చును. గోదావరి మాటకు మన ఊరి మాట ఏదో ఆ అవ్వలే చెబుతారు.